యుద్ధమును విక్రయించినవారు

1990 సంవత్సరము అక్టోబరు 10వ తేదీన అమెరికా రాజధానియగు వాషింగ్టను నగరమున, కాంగ్రెసు సభ్యులు కొందరు ఏర్పరచిన యొక సభలో, పదునైదేండ్ల బాలిక యొకతె కన్నీరు కార్చుచు తన కథ చెప్పెను. ఆమె పేరు నయీరా యని మాత్రమే ప్రకటించిరి. ఇంటిపేరు వెల్లడించినచో కువైటులో చిక్కువడిన బంధువులకు ప్రాణాపాయము కలుగునని నిర్వాహకులు సెలవిచ్చిరి. ఇరాకు సైన్యము కువైటు నాక్రమించిన పిదప తాను అల్ అద్దాను ఆసుపత్రిలో స్వచ్ఛందముగ సేవచేయుచుంటిననియు, సైనికులు తుపాకులతో లోనికి వచ్చి, నెలలు నిండక పుట్టిన పసికందులను వెచ్చగా నుంచు ఇంక్యుబేటరు పెట్టెలనుండి వెలికిదీసి, పెట్టెలను మాత్రము తీసికొనిపోయి, బిడ్డలను చల్లని నేలపై చావ విడిచిరనియు ఆమె వచించెను. తల్లిదండ్రులైన వారెవ్వరు విన్నను గుండె కరగక మానని మాట యది. సభలో కెమెరాలును సిద్ధముగనే యుండెను. ఆ కెమెరాలలో ఒకటి యెవరిదో, దాని కూలి యెవరిచ్చిరో ఆనాడెవ్వరును అడుగలేదు.

తరువాత తేలిన సంగతులు నేడు దాపరికము లేనివి. ఆ బాలిక అమెరికాలో కువైటు రాయబారిగ నుండిన సౌద్ నాసిర్ అల్ సబా గారి కూతురు. సభను జరిపిన మానవహక్కుల బృందమునకు ఇరువురు అధ్యక్షులు. ఒకరు టామ్ లాంటోస్, మరియొకరు జాన్ పోర్టర్. వీరిలో లాంటోస్ గారికి ఆమె యెవరి బిడ్డయో తెలియును. తెలిసియు దేశమునకు చెప్పలేదు. ఆ బృందము కాంగ్రెసు నియమించిన కమిటీ కాదు. సభ్యులు తమకుదాము ఏర్పరచుకొన్న సంఘము. కావున సాక్షిచేత ప్రమాణము చేయించుట లేదు. బొంకినచో శిక్షయు లేదు. చూపరులకు మాత్రము అది సాక్షాత్తు కాంగ్రెసు విచారణవలెనే కనబడెను. వేదిక, వరుసగా సభ్యులు, ఎదుట సాక్షి, మైకులు! న్యాయస్థానమునకు గల అంగములన్నియు నుండి న్యాయము మాత్రము లేని స్థానమది.

ఈ రంగస్థలమును కట్టినవారు హిల్ అండ్ నోల్టన్ అను వ్యాపారసంస్థవారు. ఆ సంస్థ చేయు వ్యాపారమునకు ఇంగ్లీషువారు పబ్లిక్ రిలేషన్సు అని మర్యాదగల పేరు పెట్టిరి. మనవారు దానినే పౌరసంబంధము లని తర్జుమాచేసి మరింత మర్యాద కల్పించిరి. ఎవరైనను ధనమిచ్చినచో వారిమీద లోకమునకు సదభిప్రాయమును, వారి శత్రువుమీద దురభిప్రాయమును పుట్టించుట ఆ వృత్తి. 1990 ఆగస్టు 2న ఇరాకు దండయాత్ర జరిగిన కొలదిదినములకే స్వతంత్ర కువైటు పౌరులు అను నామముతో అమెరికాలో ఒక సంఘము వెలసెను. పేరు చూచిన ప్రజలు చందాలెత్తి పెట్టుకొన్న సంఘమనుకొందురు. లెక్కలు వేరుగ చెప్పుచున్నవి. ఆ సంఘమునకు కువైటు ప్రభుత్వమునుండి వచ్చిన సొమ్ము దాదాపు 1 కోటి 19 లక్షల డాలర్లు. వ్యక్తుల చందాలు 17,861 డాలర్లు. ఈ సొమ్ములో 1 కోటి 8 లక్షల డాలర్లవరకు హిల్ అండ్ నోల్టన్ వారి ఖాతాకు చేరెను. అంతటితో నాగలేదు. పై మానవహక్కుల బృందమునకు అనుబంధమైన ధర్మసంస్థ యొకటి కలదు. దాని కార్యాలయము హిల్ అండ్ నోల్టన్ వారి భవనములోనే తక్కువ అద్దెకు నడచుచుండెను. దానికి స్వతంత్ర కువైటు సంఘమువారు 50,000 డాలర్ల విరాళము నిచ్చిరి. సాక్షిని తెచ్చినవారు, సభ జరిపినవారు, ఇంటి యజమాని, విరాళదాత, అందరును ఒకే చూరు క్రింది వారే!

ఈ వృత్తివారి పనితనమును కొంత వివరించుట యవసరము. ఏ మాట పలికిన అమెరికను ప్రజల మనస్సు చలించునో ముందుగ అభిప్రాయసేకరణ నిపుణులచేత కొలత వేయించిరి. బట్టల వ్యాపారి ఏ రంగు చీర అమ్ముడుపోవునో విచారించినట్లే. కువైటు సార్వభౌమత్వము, ఐక్యరాజ్యసమితి నిబంధనలు, చమురుధర, ఇవియన్నియు తలకు తగులు మాటలేకాని గుండెకు తగులునవి కావు. పసిబిడ్డ గుండెకు తగులును. సాక్షిని ఎదుట కూర్చుండబెట్టి పలుకవలసిన తీరు నేర్పిరి. అటుపిమ్మట, తమ కెమెరాతో తీసిన చిత్రమును వార్తవలె కత్తిరించి, కూర్చి, సుమారు 700 టెలివిజన్ కేంద్రములకు ఉచితముగ అందజేయు సంస్థ ద్వారా పంపిరి. ఆ రాత్రియే అందలి భాగములు ఎ.బి.సి., ఎన్.బి.సి. వార్తలలో కనబడెను. మూడున్నర కోట్లకు తక్కువగాకుండ ప్రజలు చూచియుందురని అంచనా. ప్రకటనయైనచో ప్రకటన యని తెలిసి చూతుము. అర్ధము నమ్మి, అర్ధము విడుతుము. ఈ చిత్రము వార్తయను వేషముతో ఇంటిలోనికి వచ్చెను. వేషమునకు కూలి యిచ్చినవాని పేరు తెరమీద లేదు.

కథ అంచెలంచెలుగ నడచెను. అధ్యక్షుడు జార్జి బుష్ గారు తరువాతి వారములలో తన ఉపన్యాసములలో పలుమారులు దీనిని వల్లించిరి. నవంబరు 27న ఐక్యరాజ్యసమితి భద్రతామండలి యెదుట, శస్త్రవైద్యుడనని చెప్పుకొన్న పురుషుడొకడు శిశువుల ఖననమును గురించి సాక్ష్యమిచ్చెను. ఆయన దంతవైద్యుడని యుద్ధము ముగిసిన పిమ్మట తేలెను. రెండు దినములకు, నవంబరు 29న, బలప్రయోగమునకు అనుమతించు 678వ తీర్మానమును భద్రతామండలి అంగీకరించెను. డిసెంబరు 19న ఆమ్నెస్టీ ఇంటర్నేషనల్ వారును, మూడువందలకు పైబడిన శిశువులు ఈ విధముగ మరణించిరని తమ నివేదికలో చేర్చిరి. నిష్పక్షపాతమునకు పేరుబడ్డ సంస్థ ముద్రవేసిన తరువాత సందేహించువాడు మూర్ఖుడుగనో, శత్రుపక్షపాతిగనో లెక్కింపబడెను. 1991 జనవరి 12న సెనేటులో యుద్ధమును గూర్చి వోటు జరిగినప్పుడు పలువురు సభ్యులు ఈ శిశువుల కథను పేర్కొనిరి. వోట్లు 52, 47. ముగ్గురు సభ్యులు అటు వైపు మరలియున్నచో తీర్మానము వీగిపోయెడిది. ఈ యొక్క కథయే యుద్ధమునకు కారణమని మేమనుట లేదు. చమురు, రాజ్యతంత్రము, సద్దాము హుస్సేను దురహంకారము, ఇవన్నియు గలవు. కాని త్రాసు అంత సమముగ తూగుచున్నప్పుడు, తక్కెడలో వ్రేలు పెట్టినవాని వ్రేలెంత బరువని వాదించుట నిష్ప్రయోజనము.

ఎక్కడో అరబ్బుదేశములో, ఎక్కడో అమెరికాలో జరిగిన తంతు మనకేల యని పాఠకులు కొందరనవచ్చును. కువైటు మనకు దూరదేశము కాదు. కడప, చిత్తూరు, గోదావరి జిల్లాలనుండి ఇంటిపనికిని, కారు నడుపుటకును, కట్టడపు పనికిని కువైటు పోవువారు నాడును గలరు, నేడును గలరు. అచ్చటి దీనారులతో ఇచ్చట మిద్దెలు లేచిన గ్రామములు మన పాఠకులు ఎరుగనివి కావు. 1990లో ఆ దేశమున చిక్కువడిన భారతీయులను జోర్డానులోని అమ్మాను మీదుగ ఎయిరిండియా విమానములు 488 పర్యాయములు ఎగిరి స్వదేశమునకు చేర్చినవి. వచ్చినవారు 1,70,000 మందికి పైన. ఆ మహాకార్యము ఆగస్టు 13న మొదలై అక్టోబరు 11న ముగిసెను. అనగా నయీరా సాక్ష్యమిచ్చిన మరునాటికి! కువైటు వీధులలోను, ఇండ్లలోను ఏమి జరిగినదో కన్నులార చూచిన కూలీలు, ఆయాలు, నర్సులు వేలకొలదిగ బొంబాయి విమానాశ్రయమున దిగుచుండగా, లోకము మాత్రము వాషింగ్టనులో రాయబారి కూతురి మాట వినెను. పేదవాని కన్నులకు సాక్ష్యార్హత లేదు కాబోలు. ఆ యుద్ధము వలన చమురు ధర పెరిగి, కువైటునుండి వచ్చు సొమ్ము నిలిచి, 1991లో మన ప్రభుత్వము బంగారము కుదువబెట్టవలసిన దుర్దశకు అది యొక హేతువయ్యెను. అమెరికా యుద్ధవిమానములు బొంబాయి, మద్రాసు, ఆగ్రాలలో ఇంధనము నింపుకొనుట కనుమతించి చంద్రశేఖర్ గారి ప్రభుత్వము అభాసుపాలయ్యెను. కావున ఆ కన్నీటి ఖరీదులో మనమును కొంత చెల్లించితిమి.

ఇక బయటపడిన విధము. అసత్యమును అంత వేగముగ వ్యాపింపజేసినదియు టెలివిజనే, తుదకు దాని గుట్టు విప్పుటలో పాలుపంచుకొన్నదియు టెలివిజనే. 1991 ఫిబ్రవరి కడపట కువైటు విముక్తమయ్యెను. మార్చి నెలలో ఎ.బి.సి. విలేఖరి జాన్ మార్టిన్ ఆ నగరమునకు వెళ్లి, ఎవ్వరును అంతవరకు చేయని మిక్కిలి సామాన్యమైన పని యొకటి చేసెను. ఆసుపత్రికి పోయి అడిగెను. కువైటు ప్రాథమికవైద్యశాఖకు అధికారియగు డాక్టరు మహమ్మద్ మతర్, ప్రసూతివైద్యశాలలో పనిచేసిన ఆయన భార్య డాక్టరు ఫయేజా యూసఫ్, ఇరువురును అట్టి ఘోరము జరుగలేదని కెమెరా యెదుట చెప్పిరి. పసిబిడ్డలు చనిపోయినమాట నిజమే. నర్సులును వైద్యులును పెక్కుమంది పని మానియో, దేశము విడిచిపోయియో యుండుటచేత చూచువారు లేక చనిపోయిరి. అదియు దండయాత్ర ఫలితమే, అదియు దుఃఖకరమే. ఐనను, పెట్టెలనుండి లాగి చంపిరనుట వేరు, దిక్కులేక చనిపోయిరనుట వేరు. ఏప్రిలులో ఆమ్నెస్టీవారును తమ పూర్వవాక్యమునకు నమ్మదగిన ఆధారము కనబడలేదని ఒప్పుకొనిరి. మహాసంస్థలు తమ తప్పును బహిరంగముగ దిద్దుకొనుట తక్కువగ చూచు మాకు ఇది కొంత ఊరట యొసగినది.

అయినను సాక్షి యెవరో అప్పటికిని లోకమునకు తెలియదు. ఆ సంగతి బయటపెట్టినది టెలివిజను కాదు, పత్రిక. స్వజాత్యభిమానమని పాఠకులు నవ్వినను చెప్పక తప్పదు. హార్పర్స్ మాసపత్రిక ప్రకాశకుడగు జాన్ ఆర్. మకార్థర్ 1992 జనవరి 6న న్యూయార్కు టైమ్సులో వ్రాసిన వ్యాసమున ఆమె రాయబారి కుమార్తె యని వెల్లడించెను. ఆ నెలలోనే ఎ.బి.సి. వారి ట్వంటీ ట్వంటీ, సి.బి.యస్. వారి సిక్స్టీ మినిట్స్ కార్యక్రమములు ఈ వ్యవహారమును చేపట్టెను. ఆ సంవత్సరముననే కెనడా ప్రభుత్వాధీన ప్రసారసంస్థవారి ఫిఫ్త్ ఎస్టేటు కార్యక్రమములో నీల్ డోచర్టీ నిర్మించిన టు సెల్ ఎ వార్ అను చిత్రము, ఈ ప్రచారమెట్లు పుట్టెనో, ఎవరు ధనమిచ్చిరో, ఏ యే చేతులు మారి అధ్యక్షుని నోటికి చేరెనో ఆద్యంతము కూర్చి చూపెను. యుద్ధమును అమ్ముట యను ఆ పేరులోనే వృత్తాంతమంతయు గలదు. తుదకు కువైటు ప్రభుత్వమే తన గౌరవము నిలుపుకొనుటకై క్రోల్ అను పరిశోధకసంస్థచేత విచారణ జరిపించుకొనగా, ఆ బాలిక ఆసుపత్రిలో సేవకురాలుగ పనిచేయనే లేదనియు, కొలదినిమిషములు మాత్రము అచ్చటికి పోయినదనియు, పెట్టెవెలుపల ఒక్క శిశువును క్షణకాలము చూచినదనియు తేలెను. ఒక్క క్షణపు దృశ్యము మూడువందల మరణములైనది. మన యూళ్లలో గోరంతలు కొండంతలు చేయువారుందురు గాని, ఇంత నిపుణులు లేరు.

ఇట్టి పరిశోధనమున టెలివిజనుకు పత్రికకు లేని శక్తి యొకటి కలదని మేమంగీకరింపవలసియున్నది. ఆమె రాయబారి కుమార్తె యని మేము వ్రాసినచో పాఠకుడు ఔనా యని పుట త్రిప్పును. టెలివిజనువారు ఆ పాత చిత్రమునే మరల చూపుదురు. అదే ముఖము, అదే కంఠము, అదే కన్నీరు. చూచువాని తెలివి మాత్రము మారినది. తాను మొదటిసారి చూచి కరిగిన సంగతి జ్ఞప్తికి వచ్చి తన మీద తనకే సిగ్గు కలుగును. ఆ సిగ్గు విలువైనది; అది పత్రికాక్షరములవలన అంత సులభముగ కలుగదు. మరియు, ప్రచారవృత్తివారిని కెమెరా యెదుట కూర్చుండబెట్టి సూటిగ ప్రశ్నించునప్పుడు వారు చెప్పిన మాటకంటె తడబడిన నిమిషము ఎక్కువ చెప్పును. నేను బొంకదలచినచో నా బిడ్డనే యేల తెత్తును, సొమ్మిచ్చి మరెవరినైన తెచ్చుకొనలేనా యను భావముతో ఆ రాయబారి సమాధానమిచ్చిరి. తాము నిర్దోషులమని చెప్పబోయి, సాక్షులు అంగడిలో దొరకుదురని ఒప్పుకొన్న మాట యది.

ఇంత మెచ్చుకొనిన పిమ్మట మా ఫిర్యాదును చెప్పవలెను. పల్లెలో గట్టు తగవు వచ్చినప్పుడు, అక్షరము రాని పెద్దమనిషి కూడ సాక్షిని మొదట అడుగు ప్రశ్న యేది? నీవెవరి బిడ్డవు, వాదికి నీవేమగుదువు? ఆ ప్రశ్నకు బదులు చెప్పని సాక్షి మాట రచ్చబండమీద చెల్లదు. వాషింగ్టను నగరములో అక్టోబరు 10న వందలకొలది విలేఖరులుండిరి. ఆ యొక్క ప్రశ్న అడిగి, సమాధానము రానప్పుడు, సాక్షి గుర్తింపు మాకు తెలియదని తెరమీద ఒక పంక్తి వ్రాసియున్నను ఎంత మేలు జరిగియుండెడిది! అడిగినవారు లేరు. అడిగినప్పటికి 15 నెలలు గడచెను. యుద్ధము జరిగెను, ముగిసెను, చచ్చినవారు చచ్చిరి, విజయోత్సవములును జరిగెను. కురుక్షేత్రమున ధర్మరాజు పలికిన వాక్యములో సత్యము కడపటి మాటలో నుండెను. ఆ మాట శంఖధ్వనిలో మునిగిపోయెను. ద్రోణుడు వినినది మొదటి భాగమే. పరిశోధక టెలివిజను మనకు వినిపించునది ఆ కడపటి మాట. శంఖములు ఆగిన తరువాత వినిపించుచున్నది.

ఇది టెలివిజనుతో పుట్టిన జాడ్యమని మాత్రము తలంపరాదు. 1915 మే నెలలో బ్రిటిషువారు ప్రకటించిన బ్రైసు నివేదిక, బెల్జియములో జర్మనుల దుండగములను గూర్చి వేయికి మించిన వాఙ్మూలములపై ఆధారపడినది. సాక్షులచేత ప్రమాణము చేయింపలేదు, వారి పేర్లును చెప్పలేదు. డెబ్బదియైదేండ్లకు వాషింగ్టనులో జరిగిన పద్ధతికి మాతృక యిదియే. 1917లో, జర్మనులు తమ సైనికుల శవములను కాచి క్రొవ్వు తీయుచున్నారను కథ లండను పత్రికలలో వెలువడెను. 1925లో ఆస్టిన్ చేంబర్లేన్ గారు పార్లమెంటులో జర్మనుల నిరాకరణమును అంగీకరించువరకు దాని ఆయువు తీరలేదు. ఆ మహాయుద్ధమునకే మన దేశమునుండి పదిలక్షలకు పైబడిన మనుష్యులను సముద్రము దాటించిరి. ఏ కథలు విని మన పంజాబీ, మరాఠా, మద్రాసీ యువకులు అచ్చట ప్రాణములు విడిచిరో! అమెరికాలో అదే సమయమున యుద్ధప్రచారమునకై ఏర్పడిన ప్రభుత్వసంఘమున పనిచేసిన ఎడ్వర్డు బెర్నేసు అనునతడు యుద్ధానంతరము ఆ విద్యనే వ్యాపారమునకు మరలించి, 1928లో ప్రాపగాండా యను గ్రంథమును సైతము నిస్సంకోచముగ ప్రకటించెను. హిల్ అండ్ నోల్టన్ సంస్థయు 1927లోనే పుట్టినది. ఫిరంగులు నిశ్శబ్దమైనను ఫిరంగీల విద్య నిశ్శబ్దము కాలేదన్నమాట. రెండవ మహాయుద్ధకాలమున మన బంగాళములో లక్షలజనము అన్నము లేక నేలరాలుచుండగా ప్రభుత్వము కరవను పదమునే ఉచ్చరింప నొల్లదయ్యె. 1943 ఆగస్టు 22న ఆంగ్లేయుల యాజమాన్యములోని స్టేట్స్‌మన్ పత్రికయే కలకత్తా వీధుల శవముల ఛాయాచిత్రములను ప్రకటించి ఆ మౌనమును భగ్నముచేసెను. అబద్ధము చెప్పుట యెట్లో, నిజము చెప్పకుండుటయు నట్లే యుద్ధప్రచారమున భాగము. దానికి విరుగుడుగ పనిచేసినది నాడును చిత్రమే.

ఇచట న్యాయమైన ఆక్షేపణ యొకటి కలదు. ఇరాకు సైన్యము కువైటులో నిజముగనే హత్యలు, చిత్రహింసలు, దోపిడి చేయలేదా? పట్టుకొనిపోయిన ఆరువందలకు పైబడిన మనుష్యులు తిరిగి రాలేదుగదా? తిరోగమించుచు ఆరువందలకు మించిన చమురుబావులకు నిప్పంటింపలేదా? చేసెను, సందేహము లేదు. అట్లైన ఒక కల్పితకథను పట్టుకొని యింత రభస యేల యని అడుగువారికి మా సమాధానమిది. నిజమైన అపరాధములుండగా కల్పితము నాశ్రయించుటయే నేరము. నిజముగ చెరబడిన కువైటువాని తల్లి నేడు సాక్ష్యమీయ వచ్చినచో, వినువాడు నయీరాను తలచుకొని పెదవి విరుచును. చరిత్రలో దీనికి మిక్కిలి దారుణమైన దృష్టాంతము కలదు. 1914 నాటి బెల్జియం కథలలో కల్పితములు బయటపడినందున, 1942 ప్రాంతమున యూదుల సామూహికవధను గూర్చిన నిజమైన వార్తలు పశ్చిమదేశములకు చేరినప్పుడు, ఇదియు అట్టిదే యని చాలమంది నమ్మలేదు. అబద్ధసాక్షి చంపునది ప్రతివాదిని కాదు, తన వెనుక వరుసలో నిలిచిన నిజమైన సాక్షిని.

1992లో అంత బట్టబయలైన పిమ్మట పాఠము నేర్చికొనిరా యన్నచో, లేదు. 2003లో ఇరాకుమీద రెండవమారు దండెత్తుటకు ముందు, ఆ దేశమున సర్వనాశకాయుధములు గలవని ప్రభుత్వము చెప్పినదానిని టెలివిజనువారును, పెద్దపత్రికలవారును చిలుకలవలె పలికిరి. ఆయుధములు దొరకలేదు. 2004 మే 26న న్యూయార్కు టైమ్సు తన వార్తలలోని లోపమును తానే ఒప్పుకొనెను. 2007 ఏప్రిలులో బిల్ మోయర్సు గారు ప్రజాటెలివిజనులో బైయింగ్ ద వార్ అను కార్యక్రమమున తన వృత్తివారినే బోనులో నిలిపెను. ఒకటి అమ్ముట, ఇది కొనుట. ఇన్నేండ్లకు అంగడి రెండవవైపు కూడ తెలిసినదన్నమాట. 2008లో డేవిడ్ బార్‌స్టో అను పత్రికావిలేఖరి, టెలివిజనులో నిష్పక్షపాత నిపుణులుగ కూర్చుండిన విశ్రాంత సేనానులు రక్షణశాఖ చెప్పిన పాఠమును వల్లించుచుండిరనియు, వారిలో పలువురకు యుద్ధసామగ్రి కంపెనీలతో లావాదేవీలు గలవనియు నిరూపించి, మరు సంవత్సరము పులిట్జరు బహుమానము పొందెను. చిత్రమేమనగా, ఆ సేనానులను పిలిచి కూర్చుండబెట్టిన పెద్ద టెలివిజను సంస్థలు ఆ వార్తను దాదాపు మౌనముతో దాటవేసెను. ఇతరుల గుట్టు రట్టుచేయు కెమెరా తన యింటివైపు తిరుగుటకు మాత్రము మెడ పట్టివేసినట్లుండును.

మన యింటి సంగతి చెప్పక ఇతరులను మాత్రము దూషించుట మర్యాద కాదు. 2025 మే 8వ తేదీ రాత్రి, పాకిస్తానుతో సంఘర్షణ జరుగుచుండగా, మన దేశపు వార్తాచానళ్లు పెక్కు, మన నౌకాదళము కరాచీ రేవును ధ్వంసముచేసినదనియు, మన సేనలు సరిహద్దు దాటి పట్టణములు పట్టుకొన్నవనియు కేకలు వేసినవి. తెల్లవారునప్పటికి కరాచీ యథాస్థానముననే యుండెను. ఇందులో విదేశీయ వ్యాపారసంస్థ లేదు, కోటి డాలర్ల ఖాతా లేదు. మన ఉత్సాహమే మనకు హిల్ అండ్ నోల్టను. సరిహద్దున ప్రాణములొడ్డి నిలిచిన మన సైనికులు నిజముగ చేసిన పనికి, ఈ కల్పనలవలన గౌరవము కలిగెనా, తగ్గెనా? మరునాడు శత్రువు మన మాటలన్నియు కరాచీ మాటలే యనుటకు అవకాశమిచ్చినదెవరు? ఆ యేడు ఏప్రిల్ 26న కేంద్ర సమాచార ప్రసార మంత్రిత్వశాఖ, సైనికుల కదలికలను ప్రత్యక్షప్రసారము చేయరాదని చానళ్లకు హితవు చెప్పియుండెను. శత్రువునకు ఉపయోగపడు నిజమును చెప్పవలదనుట న్యాయమే; మేము దానిని మన్నింతుము. మనకు రుచించు అబద్ధమునుగూర్చి యంతటి జాగరూకత కనబడలేదు. కేబుల్ ప్రసారముల నియమావళిలో బుద్ధిపూర్వకమైన అసత్యములను, అర్ధసత్యములను నిషేధించు వాక్యము ఏనాటినుండియో కలదు. దానిని తెరచి చదివినవారు అరుదు.

దేశభక్తికి అబద్ధము ఆహారమని నమ్మువారు మన పాఠకులలోను కొందరుండవచ్చును. యుద్ధసమయమున ప్రశ్నలడుగుట ద్రోహమని వారి వాదము. మన దేశము స్వాతంత్ర్యమునకై పోరాడినది, తెల్లదొరల ప్రభుత్వప్రకటనలను వెలగట్టి ప్రశ్నించిన పత్రికల ఆసరాతో. ప్రభుత్వము మనదైనంతమాత్రమున ఆ అలవాటు మానుకొనవలెనా? మేము కోరునది గొప్ప సంస్కరణము కాదు. తాము తీయని చిత్రమును చూపునప్పుడు, ఇది ఫలానావారు తీసి యిచ్చినదని చానలువారు తెరమీద వ్రాయవలెను. నిపుణుడని పిలిచినవానికి ఆయుధముల కంపెనీతో సంబంధమున్నచో ఆ సంగతి ఆయన పేరు క్రిందనే యుండవలెను. రాత్రి తొమ్మిదిగంటలకు చెప్పిన అబద్ధమును మరునాటి మధ్యాహ్నము ఎవరును చూడని వేళ గొణుగుటగాక, మరల రాత్రి తొమ్మిదిగంటలకే, అంత బిగ్గరగనే దిద్దవలెను. పత్రికలకును ఇదే నియమము. మొదటిపుటలో తప్పినవారు మొదటిపుటలోనే ఒప్పుకొనవలెను. మేమును దీనికి కట్టుబడువారమే.

నయీరా వ్యవహారమున ఎవ్వరికిని శిక్ష పడలేదు. పడుటకు వీలును లేదు. ప్రమాణము లేని సాక్ష్యమునకు బొంకు నేరము కాదు. లాంటోస్ గారు మరణించువరకు, 2008 దాక, కాంగ్రెసు సభ్యులుగనే యుండిరి. హిల్ అండ్ నోల్టన్ సంస్థ 2024లో మరియొక పెద్ద ప్రచారసంస్థతో కలిసి క్రొత్తపేరుతో వ్యాపారము సాగించుచున్నది. సౌద్ నాసిర్ అల్ సబా గారు 1992లో స్వదేశమునకు మరలి మంత్రి యైరి. వారి కప్పగింపబడినది సమాచారశాఖ.